బెల్లం జీడిపప్పు, పంచదార పల్లీలు: ఇంట్లో పాకం పూత పట్టే పద్ధతి

బెల్లం గవ్వలు చేయడం వచ్చినవాళ్ళకి ఈ వంట సగం వచ్చినట్టే. గవ్వల్ని పాకంలో వేసి, పొయ్యి కట్టేసి, గరిటెతో తిప్పుతూ ఉంటే తడి ఆరిపోయి గవ్వ గవ్వకీ విడిగా పూత అంటుకుంటుంది కదా, జీడిపప్పుకీ పల్లీలకీ బాదంకీ పట్టాల్సింది కూడా ఆ పూతే. అయితే గవ్వ విషయంలో పాకం కాస్త అటూ ఇటూ అయినా సర్దుకుంటుంది. పప్పు సర్దుకోదు. పాకం లేతగా ఉంటే మర్నాటికి డబ్బాలో అంతా ఒకే ముద్ద. ముదిరిపోతే చేదు, దానికి తోడు పన్ను నొప్పి.

నేను మొదటిసారి చేసింది శ్రావణమాసంలో, బయట ముసురు. అరకిలో గుండు జీడిపప్పు తెచ్చి, బెల్లం కరిగి బుడగలు రాగానే పాకం వచ్చేసిందనుకుని పప్పు పోసేశాను. చల్లారాక అది జీడిపప్పు హల్వాలా తయారైంది. వారం రోజులు చెంచాతో తవ్వుకుని తిన్నాం. ఫోన్లో మా పెద్దత్తయ్యకి చెప్పుకుంటే ఆవిడ అడిగింది ఒక్కటే: "పళ్ళెం మీద కొట్టి చూశావా?" చూడలేదు. ఆ సంగతి కిందికి వచ్చాక చెబుతాను.

ముందు పూత గురించి

పాకంలో జరిగేదంతా నీళ్ళు పోవడమే. పంచదార నీళ్ళలో కరిగి మరుగుతున్నప్పుడు నీళ్ళు ఆవిరైపోయేకొద్దీ పాకం వేడి పెరుగుతుంది. 105 - 110 డిగ్రీల సెల్సియస్ దగ్గర తీగ పాకం. 115 దగ్గర చల్లటి నీళ్ళలో వేస్తే మెత్తటి ఉండ. 120 దాటాక గట్టి ఉండ. 145 - 150 దగ్గర నీళ్ళలో వేసినది గాజు ముక్కలా పుటుక్కున విరుగుతుంది. అరిసెలకి ఉండ పాకం దగ్గరే దింపేస్తాం, పల్లీ పట్టికి ఈ విరిగే పాకం దాకా వెళతాం. పప్పు పూతకి ఎక్కడ దింపాలన్నది మీకు ఎలాంటి పూత కావాలన్న దాన్ని బట్టి ఉంటుంది.

పూతలు రెండు రకాలు. ఒకటి గాజు పూత: మెరుస్తుంది, కొరికితే కరకరమంటుంది. పాకం బాగా ముదిరాక పప్పు కలిపి, ఎక్కువ తిప్పకుండా పరిచేస్తే అది వస్తుంది. రెండోది ఇసుక పూత: మెరవదు, గరుగ్గా ఉంటుంది, నోట్లో పొడిపొడిగా కరుగుతుంది. పాకాన్ని గరిటెతో తిప్పుతూనే ఉంటే కరిగిన పంచదార మళ్ళీ సన్నటి పలుకులుగా పేరుకుంటుంది, ఇసుక పూత అదే. అవే సరుకులు, అదే మూకుడు. తిప్పడం, తిప్పకపోవడం దగ్గరే దారి మారిపోతుంది. వంటల వీడియోల్లో "బాగా కలపండి" అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు గానీ, ఎప్పుడు కలపాలో చెప్పకపోతే ఆ సలహా వల్ల నష్టమే ఎక్కువ.

నిమ్మరసం నాలుగు చుక్కలు వేస్తే పాకం పలుకు కట్టదని మీరు వినే ఉంటారు. నిజమే. పులుపు తగిలితే పంచదారలో కొంత విడిపోయి గ్లూకోజు, ఫ్రక్టోజు అవుతుంది. అవి మధ్యలో అడ్డుపడటం వల్ల పలుకు పేరుకోదు. గాజు పూతకి అది మేలు, ఇసుక పూతకి చేటు. బెల్లంలో ఈ విడిపోయిన చక్కెర ముందే కొంత ఉంటుంది. అందుకే బెల్లం పాకం పంచదార పాకమంత తొందరగా పలుకు కట్టదు. బెల్లంతో చేసినవి గాలి తగిలితే త్వరగా చెమ్మగిల్లడానికీ అదే కారణం.

సరుకులు

జీడిపప్పు: శ్రీకాకుళం జిల్లా పలాస వైపు నుంచో, కోనసీమ మోరి నుంచో, వేటపాలెం నుంచో వచ్చేది దొరికితే సరే, లేకపోతే నమ్మకమైన కొట్లో తీసుకోండి. ప్యాకెట్ మీద డబ్ల్యూ 240, డబ్ల్యూ 320 అని ఉంటుంది. ఒక పౌనుకి, అంటే సుమారు 454 గ్రాములకి, ఎన్ని పప్పులు తూగుతాయో ఆ అంకె చెబుతుంది. అంకె తగ్గేకొద్దీ పప్పు సైజు పెద్దది, ధరా పెద్దది. పూతకి 320 చాలు. పెద్ద పప్పు చూడటానికి బాగుంటుంది గానీ దాని సైజుకి పూత పలచగా అనిపిస్తుంది. బద్దలు కూడా బాగానే పనికొస్తాయి, పైగా చవక. ముక్కలు మాత్రం వద్దు, అవి పాకం పీల్చి పప్పుచెక్క అయిపోతాయి.

పల్లీలు: పంచదార పద్ధతికి పచ్చివి, పొట్టుతో ఉన్నవి తీసుకోండి. ఆ పొట్టు గరుకు మీద పూత బాగా పట్టుకుంటుంది. చేటలో వేసి ఒకసారి చెరిగి, ముడుచుకుపోయినవీ నల్లబడినవీ ఏరేయండి. ఒక్క ముక్కిపోయిన పల్లీ నోట్లోకి వచ్చినా అంతకుముందు తిన్న పదింటి రుచి పోతుంది.

బెల్లం: గట్టిగా, పొడిగా, విరిస్తే లోపల పలుకులు కనబడేది కావాలి. వానాకాలంలో చెమ్మగిల్లి జిగురుగా మారిన బెల్లంతో పాకం పట్టకండి, ఎంతసేపు ఉడికించినా సాగుతూనే ఉంటుంది. నా శ్రావణమాసం హల్వాలో సగం తప్పు ఆ బెల్లానిదే. అనకాపల్లి బెల్లం కొత్తది దొరికే రోజుల్లో, అంటే సంక్రాంతి ముందూ వెనకా, ఈ వంట మొదలుపెడితే మంచిది. రంగు మరీ లేత పసుపులో మెరిసిపోతుంటే తెల్లబరచడానికి ఏదో కలిపారేమోనని అనుమానించాలి. నేను ముదురు రంగుదే తీసుకుంటాను.

మూకుడు: అడుగు మందంగా, వెడల్పుగా ఉండాలి. ఇనప మూకుడైతే శుభ్రంగా ఉండాలి, నిన్నటి పోపు వాసన ఉంటే పాకానికి పట్టేస్తుంది. లోపలి రంగు నల్లటి నాన్‌స్టిక్ అయితే పాకం రంగు తెలియదు, స్టీలు మూకుడైతే తెలుస్తుంది. కర్ర గరిటె వాడండి. ఒక స్టీలు పళ్ళెం, ఒక చిన్న గిన్నెలో చల్లటి నీళ్ళు, నెయ్యి రాసిన పెద్ద ట్రే ఒకటి పొయ్యి వెలిగించకముందే పక్కన పెట్టుకోవాలి. పాకం వచ్చాక ట్రే కోసం అల్మరా వెతికితే అది మీకోసం ఆగదు.

ఒక జాగ్రత్త. మరిగే నీళ్ళు చేతి మీద పడితే జారిపోతాయి, పాకం జారదు, అంటుకుని కాలుస్తూనే ఉంటుంది. వేడి మీద వేలు పెట్టి రుచి చూడకండి. పిల్లల్ని ఆ పావుగంట వంటింట్లోకి రానీయకండి. పడితే వెంటనే చన్నీళ్ళ ధార కింద పెట్టాలి, ఐసు కాదు.

మొదటి వంట: బెల్లం జీడిపప్పు

కొలతలు: జీడిపప్పు 250 గ్రాములు, తురిమిన బెల్లం 150 గ్రాములు, నీళ్ళు 3 పెద్ద చెంచాలు, నెయ్యి ఒక చిన్న చెంచా, యాలకుల పొడి అర చెంచా, శొంఠి పొడి పావు చెంచా, ఉప్పు చిటికెడు. ఉప్పు మానేయకండి, అది లేకపోతే తీపి చప్పగా ఉంటుంది.

పప్పుని ముందే వేయించుకోవాలి. బెల్లం పాకంలో పప్పు వేగేంత సమయం ఉండదు. మూకుట్లో సన్నటి సెగ మీద 8 - 10 నిమిషాలు, తిప్పుతూనే ఉండాలి. ఓవెన్ ఉంటే 160 డిగ్రీల దగ్గర 10 - 12 నిమిషాలు, మధ్యలో ఒకసారి కదపాలి. లేత బంగారు రంగు రాగానే తీసేయండి, ఎందుకంటే దించాక కూడా లోపలి వేడికి ఇంకాస్త వేగుతుంది. వేడి మీద మెత్తగా ఉంటే కంగారు పడొద్దు. ఒక పప్పు చల్లార్చి కొరికి చూడండి, కరకరమంటే అయినట్టు. పాకంలో వేసేటప్పుడు పప్పు గోరువెచ్చగా ఉండటం ముఖ్యం. చల్లటి పప్పు పోస్తే పాకం ఒక్కసారిగా బిగుసుకుని గడ్డ కడుతుంది.

బెల్లం, నీళ్ళు కలిపి సన్నటి సెగ మీద కరిగించి, జల్లెడలో వడకట్టండి. ఎంత మంచి బెల్లంలోనైనా ఇసుకో చెరకు పీచో ఉంటుంది. వడకట్టినదాన్ని మూకుట్లో పోసి నెయ్యి వేసి మధ్యస్థంగా సెగ పెట్టండి. మొదట పెద్ద బుడగలతో పొంగుతుంది. తర్వాత నురుగు తగ్గి బుడగలు చిన్నవై, మందంగా, బద్ధకంగా పేలతాయి. ఇక్కడి నుంచి అర నిమిషానికోసారి చూడాలి.

ఇప్పుడు పెద్దత్తయ్య పరీక్ష. చల్లటి నీళ్ళలో నాలుగు చుక్కల పాకం వేసి, పది సెకన్లు ఆగి, వేళ్ళతో దగ్గరకి చేర్చి ఉండ చేయండి. ఉండ మెత్తగా నొక్కుకుపోతే ఇంకా లేతే. ఉండ గట్టిపడ్డాక దాన్ని స్టీలు పళ్ళెం అంచు మీద కొట్టండి. 'టప్' అంటే ఇంకా ఆగాలి. 'టంగ్' అని మోగితే సెగ ఆపేయాలి. మా ఇంట్లో వంటల థర్మామీటర్ ఉంది, 140 - 145 మధ్య చూపిస్తే దించేస్తాను. అయినా పళ్ళెం మీద కొట్టి చూడకుండా పప్పు పోయలేదు ఇంతవరకు. తక్కువ పాకంలో థర్మామీటర్ మొన సరిగ్గా మునగదు, అంకె తప్పు చెబుతుంది, పళ్ళెం చెప్పదు. 150 దాటిందంటే బెల్లం మాడు వాసన మొదలవుతుంది.

సెగ ఆపి, యాలకులు, శొంఠి, ఉప్పు వేసి, వెంటనే పప్పు పోయండి. కింది నుంచి పైకి నాలుగైదు సార్లు తిరగేస్తే చాలు, పూత పట్టేస్తుంది. నెయ్యి రాసిన ట్రేలో ఒక్క పొరగా గుమ్మరించి, రెండు ఫోర్కులు తీసుకుని పప్పుల్ని విడదీయండి. దీనికి మీకున్న సమయం ఒకటిన్నర, రెండు నిమిషాలు. ఇద్దరుంటే ఒకరు గుమ్మరించడం, ఇంకొకరు విడదీయడం. నాలుగైదు పప్పులు అతుక్కుని ఉండిపోతే వదిలేయండి, మా ఇంట్లో పిల్లలు ముందు ఏరుకునేవి ఆ గుత్తులే.

ఇంత టెన్షన్ వద్దనుకునేవాళ్ళు గవ్వల దారిలో వెళ్ళవచ్చు. బెల్లంతో పాటు ఒక పెద్ద చెంచా పంచదార కూడా వేసి, గట్టి ఉండ పాకం రాగానే సెగ ఆపి, పప్పు పోసి, మూకుట్లోనే 4 - 5 నిమిషాలు తిప్పుతూ ఉండండి. మొదట జిగటగా ఉంటుంది, చెయ్యి నొప్పి పుడుతుంది, ఇది కుదరదు అనిపిస్తుంది. అప్పుడే పాకం రంగు లేతబడి, పొడిబారి, పప్పులు ఒకదాన్నుంచి ఒకటి విడిపోవడం మొదలవుతుంది. మెరుపు ఉండదు గానీ ముద్ద అయ్యే భయం తక్కువ. మొదటిసారి చేసేవాళ్ళకి నేను ఇదే చెబుతాను.

రెండో వంట: పంచదార పల్లీలు

ఇందులో పాకం వేరుగా పట్టే పనే లేదు. జర్మనీలో క్రిస్మస్ సంతల్లో రాగి మూకుళ్ళలో బాదం వేయించి కాగితం పొట్లాల్లో అమ్ముతారు, అక్కడున్న మనవాళ్ళకి ఆ వాసన తెలిసే ఉంటుంది. పద్ధతి అదే. పచ్చి పల్లీలు 250 గ్రాములు, పంచదార 150 గ్రాములు, నీళ్ళు 60 మిల్లీలీటర్లు, ఉప్పు పావు చెంచా. అన్నీ ఒకేసారి మూకుట్లో వేయండి.

మధ్యస్థమైన సెగ మీద మరగనివ్వండి, అప్పుడప్పుడు కలిపితే చాలు. అయిదారు నిమిషాలకి నీళ్ళు తగ్గి చిక్కబడుతుంది. ఇక్కడి నుంచి గరిటె ఆపకూడదు. ఉన్నట్టుండి పాకం మసకబారి, తెల్లబడి, మూకుడంతా పొడి ఇసుక పోసినట్టు అయిపోతుంది. చాలామంది ఇక్కడే "పాడైపోయింది" అనుకుని కట్టేస్తారు. పాడవలేదు, ఇదే కావలసింది. తెల్లటి పూతే చాలనుకుంటే, ముందే వేయించిన పల్లీలతో మొదలుపెట్టి ఇక్కడ దించేయవచ్చు. పచ్చివాటితో మొదలుపెడితే మాత్రం దించకండి, లోపల ఇంకా పచ్చిగానే ఉన్నాయి.

సెగ తగ్గించి ఇంకో 6 - 8 నిమిషాలు తిప్పుతూ ఉండండి. మూకుడు అడుగున ఇసుకలా పడిన పంచదార కొద్దికొద్దిగా కరిగి తేనె రంగుకి వస్తుంది. కరిగినదాన్ని గరిటెతో పల్లీల మీదికి తోస్తూ ఉండాలి. లోపల పల్లీలు వేగి చిటపటమనడం వినిపిస్తుంది. ఒక పల్లీని తీసి చల్లార్చి రెండుగా విడదీసి చూడండి, లోపల లేత గోధుమ రంగు ఉంటే సరి. సగం ఇసుక, సగం మెరుపు ఉన్నప్పుడు దించితే నాకిష్టం: పైన గరుకు, కింద కరకర. ఇసుక మొత్తం కరిగేదాకా ఉంచితే పూర్తి గాజు పూత వస్తుంది, కానీ అక్కడి నుంచి మాడటానికి అర నిమిషం చాలు. పొగ కనబడిందంటే ఆలస్యమైనట్టే. దాల్చినచెక్క పొడి వేయాలంటే చివరి నిమిషంలో వేయండి, ముందు వేస్తే చేదెక్కుతుంది.

బాదంకీ ఇవే కొలతలు. వాల్‌నట్స్, పికాన్లు అయితే పొయ్యి మీద విరిగిపోతాయి. అమెరికాలో ఉన్నవాళ్ళు గుడ్డు తెల్లసొన నురుగ్గా గిలకొట్టి, అందులో పప్పు, పంచదార కలిపి ఓవెన్లో 120 డిగ్రీల దగ్గర గంటసేపు, పావుగంటకోసారి కదుపుతూ ఆరబెడతారు. బాగానే ఉంటుంది, గుడ్డు తినేవాళ్ళకి.

కారం కావాలంటే

తీపి ఒక్కటే తింటే నాలుగు పప్పులకి మొహం మొత్తుతుంది. బెల్లం జీడిపప్పులో అర చెంచా మిరియాల పొడి, పావు చెంచా కారం వేసి చూడండి. సెగ ఆపాకే వేయాలి. ఉడుకుతున్న పాకంలో గుంటూరు కారం వేసి ఇంటిల్లిపాదీ దగ్గిన రోజు మా ఇంట్లో ఒకటుంది. వేయించిన నువ్వులు రెండు చెంచాలు పప్పుతో పాటే పోస్తే పూతకి అంటుకుని చిమ్మిలి వాసన వస్తుంది, పైగా పప్పులు ఒకదానికొకటి అతుక్కోవడం తగ్గుతుంది. వంటసోడా చిటికెడు వేస్తే పాకం నురగ కట్టి పూత గుల్లగా వస్తుంది. చిటికెడు అంటే నిజంగా చిటికెడే, ఎక్కువైతే సబ్బు రుచి.

తేడా వస్తే

చల్లారాక చేతికి అంటుకుంటుంటే పాకం లేతగా దించారన్నమాట. పారేయకండి. ట్రేలో పరిచి 150 డిగ్రీల ఓవెన్లో 8 - 10 నిమిషాలు పెట్టి, తీసి మళ్ళీ విడదీయండి. ఓవెన్ లేకపోతే మూకుట్లో సన్నటి సెగ మీద పాకం మళ్ళీ బుడగలు కట్టేదాకా తిప్పండి.

గాజు పూత కోసం చేస్తుంటే పంచదార పాకం ఇసుకలా మారిపోయిందా? పప్పు ఇంకా వేయకపోతే రెండు చెంచాల నీళ్ళు, రెండు చుక్కల నిమ్మరసం పోసి మళ్ళీ కరిగించుకోవచ్చు. పప్పు వేసేశాక అయితే ఇసుక పూతే చేద్దామనుకున్నానని చెప్పేయండి. ట్రేలో విడదీయకముందే మూకుట్లో గడ్డ కడితే, సన్నటి సెగ మీద ఒక నిమిషం పెడితే వదులవుతుంది.

మాడిన పాకానికి మాత్రం మందు లేదు. ఎంత యాలకుల పొడి చల్లినా ఆ చేదు పోదు. పప్పు వేయకముందే మాడిందని తెలిస్తే బెల్లం పారేసి మళ్ళీ మొదలుపెట్టండి, 150 గ్రాముల బెల్లం కోసం పావుకిలో జీడిపప్పు పాడుచేసుకోవద్దు.

దాచడం

పూర్తిగా చల్లారాకే డబ్బాలో పోయాలి. కాస్త వెచ్చగా ఉన్నా మూత లోపల ఆవిరి పట్టి పూత చెమ్మగిల్లుతుంది. అలాగని రాత్రంతా ట్రేలో ఆరుబయట వదిలేసినా అంతే, విశాఖలోనో కాకినాడలోనో సముద్రపు గాలికి తెల్లారేసరికి జిగటగా ఉంటాయి. గంట, గంటన్నర చాలు. మూత గట్టిగా పట్టే గాజు సీసా కానీ స్టీలు డబ్బా కానీ తీసుకోండి. ఫ్రిజ్‌లో పెట్టకండి, బయటికి తీయగానే చెమట పట్టినట్టు తడి దిగుతుంది. పంచదారవి మూడు వారాలు, బెల్లంవి రెండు వారాలు బాగుంటాయి. ఆ తర్వాత పాకం కన్నా ముందు పప్పులో నూనె ముక్కిపోతుంది. పొట్లాలు కట్టి ఎవరికైనా ఇస్తుంటే పల్లీలు పడనివాళ్ళు ఉన్నారేమో అడగండి. అయిదేళ్ళలోపు పిల్లలకి గుండు పప్పులు ఇవ్వొద్దు, గొంతుకి అడ్డం పడతాయి.

మూకుడు సంగతి. అంటుకున్న పాకాన్ని పీచుతో గీకడం మొదలుపెట్టకండి. దాన్నిండా నీళ్ళు పోసి, గరిటె కూడా అందులోనే పడేసి, పొయ్యి మీద అయిదు నిమిషాలు మరిగిస్తే అంతా కరిగిపోతుంది. అంతకంటే ముందు ట్రే అడుగున మిగిలిన పాకం పలుకుల్ని, పప్పు రజనుని ఒక చిన్న డబ్బాలోకి దులిపి పెట్టుకోండి, సాయంత్రం సేమ్యా పాయసం మీద చల్లుకోవడానికి.